వరస కలిస్తేనే పరాచికం

మోండా మార్కెట్‌లో మా అబ్బా ఉల్లిగడ్డల కుప్ప పోసుకుని కూచునేవాడు. ఆయన పక్కన నిమ్మకాయల గంపతో ఒక అవ్వ. ఇద్దరికీ మధ్య సరిహద్దు ఒక గోనెసంచి అంచు. పొద్దున గిరాకీ మొదలుకాక ముందు అవ్వ అడిగేది:

"సాయిబన్నా, ఇయ్యాల నీ ఉల్లి ఎట్లుంది?"

బడికి పోకుండా ఇంట్లో ముసుగుతన్ని పడుకున్న నన్ను తల్చుకుని మా అబ్బా అనేవాడు: "మేరా ఉల్లూ ఇంకా లేవలేదక్కా, ఇంట్లనే పండుకున్నది."

ఉర్దూలో ఉల్లూ అంటే గుడ్లగూబ. తెలివితక్కువవాణ్ణి అనే మాట. అవ్వకు ఆ సంగతి బాగా తెలుసు.

"కొడుకు ఉల్లు అయితే తండ్రి ఏమైతడు మరి?"

ఇద్దరూ నవ్వేవాళ్ళు. చుట్టూ ఉన్న నాలుగు గంపలవాళ్ళూ నవ్వేవాళ్ళు. గిరాకీ వచ్చి నిమ్మకాయలు చూపిస్తూ "కాయకూ?" అని రేటడిగితే మా అబ్బా పక్కనుంచి అందుకునేవాడు: "కైకూ అంటే ఏం చెప్తది, పులుపు కోసమే." దక్కనీలో 'కైకూ' అంటే ఎందుకు అని. ఇంకొకరు "ఆరు" అంటే 'ఔర్' అని విన్నట్టు నటించి, "ఔర్ అంటున్నారు, ఇంకా వెయ్యక్కా" అనేవాడు. అవ్వ ఆరు లెక్కపెట్టి ఆపి, "ఆరే!" అని గట్టిగా అనేది. అది తెలుగులో లెక్క, ఉర్దూలో అదిలింపు. ఒక్క మాటతో ఇద్దరికీ జవాబు.

దగ్గర్లో ఒక కిరాణా కొట్టు ఉండేది. 'ఆజ్ నగద్, కల్ ఉధార్' అని బోర్డు. ఈరోజు రొక్కం, రేపు అప్పు అని అర్థం. ఒక హమాలీ దాన్ని తన భాషలో చదువుకున్నాడు: "నేడు నగదు, కల్లు ఉద్దెర." చదివి కొట్టువాణ్ణి సీసా అడిగేవాడు. నగదు, ఉద్దెర రెండూ ఉర్దూ దారిన తెలుగులోకి వచ్చిన మాటలే. కల్లు మాత్రం అచ్చ తెలుగు. నవ్వంతా ఆ ఒక్క మాట దగ్గర పుట్టింది.

ఈ మాటలాటకు ఎవరూ పేరు పెట్టలేదు. ఇవి ఏ పుస్తకంలోనూ లేవు. బేరాల మధ్య పుట్టి, గంప ఖాళీ అయ్యేలోపు చచ్చిపోయేవి. అయినా వీటిని ఇప్పుడు ఎందుకు గుర్తుచేసుకుంటున్నానంటే, ఒక ప్రశ్న నన్ను ఏళ్ళ తరబడి వదల్లేదు. ఒక మతంవాళ్ళు ఇంకో మతంవాళ్ళ మాటను, యాసను పట్టుకుని నవ్వడం ఎప్పుడు చెలిమి అవుతుంది, ఎప్పుడు అవమానం అవుతుంది? మాట ఒకటే అయినప్పుడు తేడా ఎక్కడుంది?

నాకు ఈ ప్రశ్న పుట్టింది మార్కెట్‌లో కాదు, బడిలో. మూడో తరగతిలోనో నాలుగో తరగతిలోనో పంతులుగారు నన్ను లేపి, ఫీజు ఎందుకు తేలేదని అడిగారు. "మా అబ్బా రేపు వస్తది సార్" అన్నాను. మా ఇంట్లో మాట్లాడే భాషకూ తెలుగుకూ స్త్రీ పురుష భేదాలు కలవవు. తండ్రికి 'వస్తాడు' అనాలని నాకు ఇంకా పట్టుబడలేదు. ఆయన నా మాటను సినిమా సాయిబు గొంతుతో తిరిగి అన్నారు. "మాకీ అబ్బా రేపు వస్తది" అని. తరగతి అంతా ఘొల్లుమంది. నేనూ నవ్వాను. అదే ఇప్పటికీ నన్ను బాధపెడుతుంది. నవ్వకపోతే ఇంకా నవ్వుతారన్న భయంతో నవ్వాను. ఆ తర్వాత రెండేళ్ళు నా పేరు 'వస్తది'.

అసలు సంగతేమిటంటే మా నిమ్మకాయల అవ్వ కూడా అచ్చం అలాగే మా అబ్బాను వెక్కిరించేది. "వచ్చిందమ్మా సాయిబు" అనేది ఆయన నమాజుకు పోయి తిరిగి రాగానే. ఆ మాటకు మా అబ్బా ఒక్కనాడూ చిన్నబుచ్చుకోలేదు. పంతులుగారి మాటకూ అవ్వ మాటకూ వ్యాకరణంలో తేడా లేదు. మరి ఒకటి ముల్లులా గుచ్చుకుని, ఇంకొకటి పువ్వులా ఎందుకు తగిలింది?

మొదటి తేడా, మా అబ్బాకు జవాబు చెప్పే వీలుంది. అవ్వ ఉర్దూ మా తెలుగు కన్నా ఘోరం. "మై జాతా హూఁ" అని మగవాడిలా మాట్లాడేది. ఆయన వెంటనే "జావ్ భాయ్ జావ్" అని సాగనంపేవాడు. నాకు పంతులుగారికి జవాబు చెప్పే వీలు లేదు. చెప్పి ఉంటే దాన్ని ఎవరూ హాస్యం అనేవాళ్ళు కాదు, పొగరు అనేవాళ్ళు.

రెండో తేడా, ఒకరి అవసరం ఒకరికి ఉంది. మా అబ్బా జుమ్మా నమాజుకు పోతే ఉల్లిగడ్డలు తూచి డబ్బులు గోనె కింద పెట్టేది అవ్వే. ఆమె మహంకాళి అమ్మవారికి బోనమెత్తిన రోజు ఆమె గంప దగ్గర కూచునేది మా అబ్బాయే. రేపు మళ్ళీ పక్కపక్కన కూచోవాలి గనక ఎవరూ హద్దు మీరరు.

మూడో తేడాకు తెలుగులోనే మంచి మాట ఉంది: వరస. మన ఊళ్ళలో ఎవరు ఎవరితో పడితే వాళ్ళతో పరాచికాలాడరు. బావామరదళ్ళు ఆడతారు. వదినా మరిదీ ఆడతారు. మేనమామను మేనల్లుడు ఏడిపిస్తాడు. వరస లేనిచోట అదే మాట అంటే తన్నుకుంటారు. మోండా మార్కెట్‌లో మా అబ్బాకు అవ్వ 'అక్క'. ఆమె మొగుడు మా అబ్బాకు 'బావ'. ఆయన కల్లు తాగొచ్చిన రోజు "బావా, కల్ ఆవ్" అనేవాడు మా అబ్బా. రేపు రా అని. ఆయన తెలుగు చెవికి అది కల్లు మాటగానే వినిపించేది. కులాలు, మతాలు వేరైనా వరస ముందు కలుపుకున్నారు గనకే పరాచికం చెల్లింది. పంతులుగారికీ నాకూ ఆ వరస లేదు. తెలుగు సినిమాకూ మాకూ ఎన్నడూ ఆ వరస లేదు.

తెలుగులో ఈ తేడాలకు తగినన్ని మాటలున్నాయి. పరాచికం వేరు, ఎకసెక్కెం వేరు, ఎగతాళి వేరు, హేళన వేరు. ఉర్దూవాళ్ళూ 'తంజ్' వేరు, 'మజాహ్' వేరు అంటారు. మొదటిది కోసే వ్యంగ్యం, రెండోది నవ్వించే హాస్యం. మాటల్లో ఇంత తేడా చేసుకున్న మనం ఇప్పుడు అన్నిటినీ కలిపి 'జోక్' అంటున్నాం. ఎవరైనా నొచ్చుకుంటే "ఊరికే జోక్ చేశాను" అని తప్పుకుంటున్నాం.

*

ఇక్కడ మా భాష సంగతి కొంచెం చెప్పాలి. మోండా మార్కెట్ ఉన్నది లష్కర్‌లో. 1806లో సికిందర్ జా పేరు మీద సికిందరాబాద్ అయిన ఊరిని జనం లష్కర్ అన్నారు. లష్కర్ అంటే సైన్యం. 'ఉర్దూ' అన్న మాటకు అసలు అర్థం కూడా సైన్యం విడిసిన చోటే. ఇప్పటికీ ఇక్కడి అమ్మవారి పండుగను లష్కర్ బోనాలు అంటారు. అమ్మవారి పండుగ పేరులో ఫార్సీ మాట ఉందని ఏ భక్తుడికీ ఇబ్బంది కలగలేదు. మరాఠ్వాడాలో ఔరంగాబాద్, నాందేడ్ లాంటి చోట్ల ధాన్యం బజారును మోంఢా అంటారు. ఆ లెక్కన మోండా మార్కెట్ అంటే బజారు బజారే. తెలుగు, ఉర్దూ, తమిళం, మరాఠీ, మార్వాడీ, కంటోన్మెంట్ ఇంగ్లీషు ఇక్కడ ఒకదాన్నొకటి తోసుకుంటూ నడిచాయి.

మేం ఇంట్లో మాట్లాడేది దక్కనీ. వద్దు అనడానికి 'నక్కో' అంటాం. అది మరాఠీ నుంచి తెచ్చుకున్నది. నొక్కి చెప్పడానికి చివర 'ఇచ్' చేరుస్తాం. అదీ మరాఠీదే. "వస్తానని చెప్పాడు" అన్నదాంట్లో తెలుగు 'అని' ఉంది చూడండి, దాన్నే మేం 'బోల్‌కే' చేసుకున్నాం. "ఆతూఁ బోల్‌కే బోలా" అంటాం. ఉత్తరాదివాళ్ళకు అది తప్పు ఉర్దూ. మాకు అది అమ్మ మాట. 'పర్సోం' అంటే వాళ్ళకు మొన్న. మాకు మొన్నటి నుంచి ఇరవై ఏళ్ళ కిందటి దాకా ఏ రోజైనా పర్సోమే. మా ఇంట్లో 1948 పోలీసు చర్య కూడా పర్సోం జరిగినట్టే చెప్పేది మా దాదీ. అందులో నవ్వు ఎంత, నిజం ఎంత అని నాకు పెద్దయ్యాక గానీ తెలియలేదు.

ఈ భాష ఎప్పుడూ నవ్వుల భాష కాదు. 1591లో హైదరాబాద్ కట్టించిన మహమ్మద్ కులీ కుతుబ్‌షా ఇందులోనే కవిత్వం రాశాడు. 1635లో ముల్లా వజ్‌హీ ఇందులోనే 'సబ్‌రస్' అనే వచన గ్రంథం రాశాడు. ప్రేమ, తత్వం, భక్తి, యుద్ధం అన్నీ దక్కనీలో రాశారు. 1687లో ఔరంగజేబు గోల్కొండను గెలిచాక రాజ్యంతో పాటు భాష గౌరవం కూడా పోయింది. ఢిల్లీ, లక్నో మాట ప్రమాణమైంది. దక్కనీ గల్లీలోకీ, వంటింట్లోకీ, మండీలోకీ దిగింది. రాజుల భాష జోకుల భాష అయింది.

ఇరవయ్యో శతాబ్దంలో మావాళ్ళు ఆ జోకునే చేతికి తీసుకున్నారు. గుల్బర్గా సులేమాన్ ఖతీబ్ కట్నం బేరాల మీద, అత్తాకోడళ్ళ మీద, పేదరికం మీద దక్కనీలో రాసి ముషాయిరాల్లో జనాన్ని నవ్వించి ఏడిపించాడు. ఇద్దరు హాస్య కవుల కలం పేర్లు చూడండి: ఒకరు సర్వర్ డండా, ఇంకొకరు గిల్లీ నల్గొండవీ. ఇద్దరినీ పక్కపక్కన పెడితే మన చిర్రగోనె ఆట. 1960లలో హైదరాబాద్‌లో జిందా దిలానే హైదరాబాద్ అనే హాస్య ప్రియుల సంఘం పుట్టింది. 1968లో ముస్తఫా కమాల్ సంపాదకత్వంలో 'షగూఫా' అనే ఉర్దూ హాస్య పత్రిక మొదలైంది. ఉత్తరాదివాళ్ళు వెక్కిరించే యాసను వీళ్ళు వేదికెక్కించి, "అవును, మేం ఇలాగే మాట్లాడతాం" అన్నారు. తన మీద తాను నవ్వుకోవడం కూడా ఒక ఆత్మగౌరవమే. 1905లో ఫ్రాయిడ్ హాస్యం మీద రాసిన పుస్తకంలో యూదులు తమ మీద తాము చెప్పుకునే జోకుల గురించి ప్రత్యేకంగా రాశాడు. వెక్కిరింత తిన్న జాతులన్నిటికీ ఈ విద్య తెలుసు.

కానీ దీనికో చీకటి కోణం ఉంది. మన మీద మనం నవ్వుకుంటే, చూసేవాళ్ళు అది మనకు తగిన చోటే అనుకుంటారు. 1965లో వచ్చిన 'గుమ్నామ్' సినిమాలో మహమూద్ హైదరాబాదీ యాసతో దేశమంతా నవ్వించాడు. ఆ తర్వాత హిందీ తెర మీద ఆ యాస వినపడితే చాలు, వచ్చినవాడు వంటవాడో విదూషకుడో అని అర్థమైపోయేది. దక్కనీ మాట్లాడే నాయకుడు ఎక్కడ? దక్కనీలో ఏడ్చే తల్లి ఎక్కడ? మా ఉర్దూ కవులు కూడా గంభీరమైన గజల్ రాయాల్సి వస్తే లక్నో భాష తొడుక్కుంటారు. దక్కనీని హాస్యానికే ఉంచుతారు. ఒక భాషను నవ్వడానికే వాడితే, ఆ భాష మాట్లాడే మనిషి ఏడ్చినప్పుడు కూడా జనం నవ్వుతారు. మూడో తరగతిలో నాకు జరిగింది అదే. ఫీజు కట్టలేని ఇంటి మాట చెబుతుంటే నా క్రియాపదం చూసి నవ్వారు.

*

"ఇదంతా ఎందుకు, హాస్యం మానేస్తే పోలా" అనే పెద్దలు మాలోనూ ఉన్నారు. నవ్వు మనసును మొద్దుబారుస్తుందని, ఇస్లాం గంభీరంగా ఉండమందని చెబుతారు. నాకు అది ఒప్పుకోబుద్ధి కాదు. ప్రవక్త (స) గారి పరాచికాలు హదీసుల్లో ఉన్నాయి. ఒకాయన వచ్చి ఎక్కడానికి ఒంటె కావాలని అడిగాడు. ఆడ ఒంటె పిల్లను ఇస్తానన్నారు ప్రవక్త. పిల్లను పెట్టుకుని నేనేం చేసుకోను అని ఆయన దిగులుపడ్డాడు. ఏ ఒంటె అయినా ఆడ ఒంటె పిల్లే కదా అన్నారు ప్రవక్త. అది మాటలాటే. మా అబ్బా ఉల్లి మీద ఆడినట్టే. అందులో అబద్ధం లేదు, ఎదుటివాడి పరువు పోలేదు. అడిగినవాడికి ఒంటె కూడా దక్కుతుంది.

ఆ పక్కనే ఖురాన్‌లో 49వ సూరా, 11వ ఆయతు ఉంది. ఒక జాతివాళ్ళు ఇంకొక జాతివాళ్ళను ఎగతాళి చేయవద్దని, ఎగతాళికి గురైనవాళ్ళే మేలైనవాళ్ళు కావచ్చునని, పరస్పరం చెడ్డ పేర్లు తగిలించుకోవద్దని అందులో ఉంది. ఈ రెండూ కలిపి చదివితే నాకు అర్థమైంది ఇది: మతం ఆపింది నవ్వును కాదు, ఎదుటివాణ్ణి తక్కువ చేసే నవ్వును. ఈ కొలత ముందుగా మాకే వర్తిస్తుంది.

ఎందుకంటే మేం తక్కువ తినలేదు. ఉర్దూ వచ్చిన ముస్లింలు ఉర్దూ రాని ముస్లింలను ఎంత ఎగతాళి చేశారో నాకు తెలుసు. దూదేకులవాళ్ళు తెలుగులో మాట్లాడుకుంటారని, వాళ్ళ నమాజు ఉచ్చారణ సరిగా లేదని మా పెళ్ళిళ్ళలో నవ్వులు పంచుకున్నాం. పల్లె నుంచి వచ్చిన తెలుగు రైతును 'గావ్డీ' అన్నాం. లక్నోవాడు మమ్మల్ని నవ్విన నవ్వునే మేం దూదేకుల సోదరుడి మీద నవ్వాం. మా ముషాయిరాల హాస్యంలో సగం ఆడవాళ్ళ మీదే. ముందు వరసలో మగవాళ్ళు కూచుని చప్పట్లు కొడుతుంటే, పరదా వెనక కూచున్న ఆమె తిరిగి ఏం అనగలదు? పంతులుగారి ముందు నాకెంత వీలుందో ఆ సభలో ఆమెకు అంతే వీలుంది. హేళన గురించి ఫిర్యాదు చేసే హక్కు కావాలంటే ముందు మా ఇల్లు ఊడ్చుకోవాలి.

*

మాట ధ్వనిది కాదు, మనసుది అనేవాళ్ళూ ఉన్నారు. ఉద్దేశం మంచిదైతే చాలదా అని అడుగుతారు. దీనికి మా అమ్మీ కథ చెబుతాను.

మా అమ్మీ పెళ్ళయ్యి మరాఠ్వాడా నుంచి సికిందరాబాద్ వచ్చింది. తెలుగు ఒక్క ముక్క రాదు. మొదటిసారి కూరగాయలకు మోండాకు వెళితే అటూ ఇటూ అందరూ "రండమ్మా, రండి" అని పిలిచారట. ఉర్దూలో ఆ శబ్దం ఆడదాన్ని అనరాని మాట. బుర్ఖా కింద ఆమె ఏడ్చుకుంటూ ఇంటికొచ్చింది. పిలిచినవాళ్ళ ఉద్దేశంలో మర్యాద తప్ప ఏమీ లేదు. అయినా ఆమె ఏడుపు అబద్ధం కాదు. ఆ రోజు సాయంత్రం మా అబ్బా ఆమెను అవ్వ దగ్గరకు తీసుకుపోయి సంగతి చెప్పాడు. అవ్వ బుగ్గలు నొక్కుకుంది. "అయ్యో బిడ్డా" అంది. ఆనాటి నుంచి మా అమ్మీని చూస్తే "రా బిడ్డా" అని మాత్రమే పిలిచేది. బహువచనం తీసేసి మర్యాద పెంచింది. ఏళ్ళు గడిచాక మా అమ్మీ తెలుగు నేర్చుకుని, అవ్వ ఇంటికొస్తే గుమ్మంలో నిలబడి తనే "రండి, రండి" అనేది. ఇద్దరూ కళ్ళల్లో నీళ్ళొచ్చేదాకా నవ్వుకునేవాళ్ళు.

ఉద్దేశం మంచిదే అన్నది సగం జవాబు. ఎదుటివాళ్ళకు నొచ్చిందని తెలిశాక మనం ఏం చేస్తామన్నది మిగతా సగం. అవ్వ "నా మాటలో తప్పేముంది, మా భాష నేర్చుకుని రావాల్సింది" అనలేదు. అనడానికి ఆమెకు పూర్తి హక్కుంది. అలాగని మా అమ్మీ కూడా బజారునంతా మాట మార్చుకోమనలేదు. తనే తెలుగు నేర్చుకుంది. ఇద్దరూ చెరొక అడుగు వేశాక ఆ నొప్పి వాళ్ళిద్దరి సొంత జోకు అయింది. దాన్ని ఆడుకునే అర్హత కూడా వాళ్ళిద్దరిదే. మూడోవాడు వచ్చి అదే మాటతో మా అమ్మీని ఏడిపిస్తే అవ్వ గంప తీసి నెత్తిన కొట్టేది.

*

అబ్బా పోయాడు. అవ్వ పోయింది. కూరగాయల హోల్‌సేల్ వ్యాపారం బోయిన్‌పల్లికి వెళ్ళిపోయింది. మోండాలో చిల్లర గిరాకీ మిగిలింది. ఉల్లిగడ్డల దగ్గర ఇప్పుడు మా తమ్ముడు, నిమ్మకాయల దగ్గర అవ్వ కోడలు కూచుంటున్నారు. ఉల్లి, ఉల్లూ మాట వాళ్ళకు వారసత్వంగా వచ్చింది.

2024 అక్టోబరు 14న మోండా మార్కెట్ ప్రాంతంలోనే ముత్యాలమ్మ గుడిలో అమ్మవారి విగ్రహాన్ని ధ్వంసం చేశారు. పోలీసులు పట్టుకున్నవాడు మహారాష్ట్ర నుంచి వచ్చిన ముస్లిం. వాడు మోండావాడు కాదు, మావాడు కాదు. అది నీచమైన పని. నేను ఈ మాట చెప్పాల్సి రావడం, చెప్పకపోతే అనుమానించడం, రెండూ మాకు అలవాటే. నిరసనలు జరిగాయి. లాఠీచార్జి జరిగింది. ఆ వారం నేను తమ్ముణ్ణి చూడ్డానికి వెళ్ళాను. బేరాలు జరుగుతున్నాయి. రేటు అడుగుతున్నారు, చెబుతున్నారు, తూస్తున్నారు. పరాచికం మాత్రం లేదు. "కాయకెంత" అంటే "పదికి మూడు" అంతే. మార్కెట్ ఇంత మర్యాదగా ఉండగా నేనెన్నడూ చూడలేదు. ఆ మర్యాద చూస్తే నాకు భయం వేసింది.

తమ్ముడు తల వంచుకుని ఉల్లిపొట్టు ఏరుతున్నాడు. వాడు ముందు మాట కలపలేడు. ఆ రోజుల్లో ముస్లిం నోటి నుంచి వచ్చిన పరాచికం పరాచికంగా వినపడదు. వీడికి ఇంకా నవ్వెలా వస్తోంది అంటారు. ఆమె కూడా కలపలేదు. ఆమె అమ్మవారి ముఖం పగిలింది. ఆమె నవ్వితే ఆమెవాళ్ళు ఏమంటారో. అలా పది పదిహేను రోజులు గడిచాయట. ఒక పొద్దున ఆమే అడిగిందని తమ్ముడు చెప్పాడు:

"ఏం తమ్మీ, నీ ఉల్లి ఇంకా లేవలేదా?"

వాడికి వెంటనే నోరు రాలేదు. కొంచెం ఆగి అన్నాడు: "లేచిందొదినా. ఇన్ని దినాలు భయానికి నిద్రే పోలేదు."

"మేం మాత్రం పోయినమా?" అంది ఆమె.

ఇద్దరూ నవ్వారు. ఎక్కువ నవ్వలేదు. కొంచెం నవ్వారు.

ఈ సంఘటనను నేను మతసామరస్యం బొమ్మగా చూపించదలచుకోలేదు. మా సెక్యులర్ మిత్రులకు ఇలాంటివి చాలా ఇష్టం. ఒక బుర్ఖా, ఒక బొట్టు పక్కపక్కన నవ్వితే ఫొటో తీసుకుని తృప్తిపడతారు. ఆ నవ్వు వల్ల పగిలిన విగ్రహం అతుక్కోలేదు. మా తమ్ముణ్ణి ఆ రెండు వారాలు అనుమానంగా చూసిన కళ్ళు క్షమాపణ చెప్పలేదు. నవ్వు న్యాయానికి బదులు కాదు. హైదరాబాద్ నవ్వులకు పేరుపడ్డ ముజ్తబా హుసేన్ 1962లో 'సియాసత్' పత్రికలో హాస్యం రాయడం మొదలుపెట్టాడు. జీవితమంతా నవ్వించాడు. 2007లో పద్మశ్రీ వచ్చింది. 2019 డిసెంబరులో, పౌరసత్వ సవరణ చట్టం మీద దేశమంతా ఆందోళన జరుగుతున్న రోజుల్లో, దాన్ని తిరిగి ఇచ్చేస్తానని ప్రకటించాడు. 2020 మేలో కన్నుమూశాడు. ఎనభై మూడేళ్ళ హాస్య రచయిత బిరుదు వెనక్కి ఇస్తానన్నాడంటే, నవ్వించి ఊరుకోదగిన చోటు దాటిపోయిందని ఆయనకు అనిపించి ఉండాలి.

అయినా ఆ వదిన అడిగిన మాట చిన్నదని నేననుకోను. ఆ రోజు బలం ఆమె వైపు ఉంది. ఆమె ఏమన్నా వాడు పడాల్సిందే. అలాంటప్పుడు "నువ్వు తిరిగి అనొచ్చు" అని చెప్పడమే ఆమె చేసిన పని. వాడు తన భయాన్ని చెప్పుకోవడానికి ఒక సందు తెరిచింది. వాడు చెప్పాడు. ఆమె తన భయమూ చెప్పింది. శాంతి కమిటీల్లో కూచుని చెప్పలేని మాట రెండు ముక్కల్లో చెప్పుకున్నారు. బలం ఉన్నవాడి మొదటి పరాచికం ఎదుటివాడి నోరు తెరిపించాలి. మూయిస్తే దాన్ని పరాచికం అనకండి.

అందుకే నాకు తోచిన కొలత ఇది. ఒక నవ్వు మంచిదా చెడ్డదా అని తెలియాలంటే ఆ మాట ఎంత మొరటుగా ఉందని చూడొద్దు. నవ్వబడ్డవాడికి జవాబు చెప్పే హక్కు ఉందా అని చూడండి. జవాబు, హక్కు రెండూ అరబ్బీలో పుట్టి ఉర్దూ మీదుగా వచ్చిన మాటలే. తెలుగు వాటిని ఎప్పుడో తన ఇంట్లో మనుషుల్ని చేసుకుంది. వాటిని మాట్లాడే మనుషులకు కూడా ఆ చోటు ఇవ్వమనే మేం అడుగుతున్నాం.

మమ్మల్ని నవ్వొద్దని మేం అనడం లేదు. మా యాస మీద నవ్వండి, మా పర్సోం మీద నవ్వండి, మేం 'వస్తది' అంటే నవ్వండి. కానీ ముందు వరస కలపండి. మా ఇంట్లో ఒక పూట తినండి, మీ గంప దగ్గర మమ్మల్ని ఒక గంట కూచోనివ్వండి. ఆ తర్వాత మేం మీ మీద నవ్వితే ఓర్చుకోండి.

అవ్వ మా అబ్బాను ఏదైనా అడిగినప్పుడు "చెప్పు సాయిబన్నా, చెప్పు" అనేది. ఆయన మూతి మీద వేలు పెట్టుకుని కూచునేవాడు. ఉర్దూలో 'చుప్' అంటే నోరుమూసుకో అని. "నువ్వే కదా చుప్ అన్నావు" అనేవాడు. ఆ రోజుల్లో అది ఆట. ఇప్పుడు మమ్మల్ని చెప్పమంటూనే చుప్ అనేవాళ్ళు చాలామంది ఉన్నారు. అవ్వ మాత్రం ఆయన నోటి మీది వేలు లాగేసి, ఆయన చెప్పేదాకా గిరాకీని కూడా ఆపేది.